రుస్లానప్ప బోణీ

హోసూరు బాగలూరు రోడ్డులో వాసవాంబ అంగడి పొద్దున్నే తెరుచుకుంటుంది. ఆమె షట్టరు ఎత్తి, గడప ముందు నీళ్ళు చల్లి, ముగ్గేసి, తూకం మిషనుకు కుంకుమ బొట్టు పెట్టి, గల్లాపెట్టె వెనక కూర్చుని బోణీ కోసం ఎదురుచూస్తుంది. బోణీ అయ్యేదాకా ఆమెతో మాట్లాడటం దండగ. కాఫీ తాగదు, అరువు మాట ఎత్తనివ్వదు, భర్త బద్రీనాథ్ పలకరిస్తే ఊఁ కొట్టదు. మొదటి బేరం కుదిరి, ఆ డబ్బు కళ్ళకద్దుకుని పెట్టెలో వేశాక మాత్రం మొహం విప్పారుతుంది. ఈ మధ్య జనం ఫోన్లలో కడుతున్నారు కాబట్టి, డబ్బు అందిందని చెప్పే ఆ చిన్న స్పీకరు పెట్టెనే ఎత్తి కళ్ళకద్దుకుంటుంది. ఇక అక్కణ్ణించి అంగడి కట్టేసేదాకా ఆ వీధిలో ఆమెను మించిన సరదా మనిషి ఉండదు.

అంగడి పక్క మెట్ల దగ్గర పుట్టమ్మ పూలగంప దించుకుంటుంది. నీడ లేదు, జనం తిరిగే దారీ కాదు, అయినా ఆ చోటు ఆమె ఎవరికీ వదలదు. ఎందుకంటే మేడ మీది గదిలో బాడుగకున్న రుస్లాన్ పొద్దున్నే దిగి వచ్చి, ఆ మెట్ల మీదే కూర్చుని కాఫీ తాగుతాడు. అతను కాళ్ళు పెట్టిన చోట నేల గడ్డకడుతుంది. మనసు మామూలుగా ఉంటే పాల మీగడంత పలచని పొర. దిగులుగా ఉంటే మంచి గట్టి ఐసు. పుట్టమ్మ గంపను ఆ కాళ్ళ దగ్గరికి జరుపుతుంది.

"రుస్లానప్పా, ఈ పొద్దు మల్లెలు ఎక్కువ తెచ్చినాను. రవంత బేజారు చేసుకో అప్పా" అంటుంది.

అతను మంచివాడు. కాఫీ గ్లాసు పక్కన పెట్టి, ఒక నిట్టూర్పు విడిచి, రవంత బేజారు చేసుకుంటాడు. మల్లెలు సాయంత్రం దాకా విచ్చుకోకుండా మొగ్గల్లా నిలుస్తాయి. పాల వ్యాను వాడు కూడా వెళ్తూ వెళ్తూ ఒక క్యాను అక్కడ దించి పోతాడు. ఎందుకిలా అని హోసూరులో ఎవరూ అడగలేదు. కొందరి కాళ్ళకు చెమట పడుతుంది, ఇతని కాళ్ళకు ఐసు పడుతుంది, అంతే. అతని సొంత దేశంలో అయితే అసలు ఎవరూ గమనించనే లేదు. ఉరల్ కొండల దగ్గర ఆ చిన్న ఊళ్ళో ఏడాదిలో సగం రోజులు నేలంతా మంచే కదా.

ఆ ఊళ్ళో రుస్లాన్ ఐసు హాకీ ఆడేవాడు. సరదాకు కాదు, జీతానికి. ఇరవై ఏళ్ళ వయసులో ఊరి జట్టు అతన్ని తీసుకుంది. పాలరాయిలాంటి మంచు మీద, కాళ్ళకు బ్లేడు బూట్లు కట్టుకుని, వంకర కర్రతో నల్ల రబ్బరు బిళ్ళను కొట్టుకుంటూ పోయి ఎదుటివాళ్ళ గోలులో వేయడం ఆ ఆట. అతను ఒక్క చలికాలం ఆడాడు. అంతకు మించి ఆడలేదు. చివరి ఆటలో మోకాలు తిరగబడింది, డాక్టరు తల అడ్డంగా ఊపాడు. తర్వాత ఐసు మిషన్లు బాగుచేసే పని నేర్చుకున్నాడు. చల్లటి గదులు కట్టే కంపెనీ ఒకటి అతన్ని హోసూరు పంపింది. ఇక్కడి రోజా తోటల వాళ్ళు పూలను విమానమెక్కించేదాకా ఉంచే గదులు చూసుకోవడం అతని ఉద్యోగం.

ఉద్యోగం బాగుంది, ఇల్లే కుదరలేదు. అతను చేరిన ప్రతి ఇంట్లో నేల మీది టైల్సు పగిలేవి, కింది ఇంటి పైకప్పులోంచి నీళ్ళు కారేవి. ఇంటివాళ్ళు అడ్వాన్సు చేతిలో పెట్టి దండం పెట్టేవాళ్ళు. వాసవాంబ మాత్రం తానే పిలిచి గది ఇచ్చింది. అతని గది కింద ఆమె బెల్లం గోడౌను ఉంది. రుస్లాన్ చేరినప్పటి నుంచీ ఎండాకాలంలో బెల్లం పాకం కావడం మానింది, చీమలు కూడా రావడం మానాయి. వ్యాపారస్థుల ఇంట పుట్టిన మనిషి, ఏది ఎందుకు పనికొస్తుందో ఆమెకు ఒకరు చెప్పక్కర్లేదు.

పుట్టమ్మ కూతురు ప్రతిభ రోజాలు ప్యాకింగు చేసే షెడ్డులో సూపర్‌వైజరు. ఒక ఫిబ్రవరిలో, పెద్ద ఆర్డరు వెళ్ళాల్సిన ముందు రోజు, చల్లటి గది మిషను ఆగిపోయింది. సామాను బెంగళూరు నుంచి రావాలి. రుస్లాన్ బూట్లు విప్పి, రోజాల బకెట్ల మధ్య కుర్చీ వేసుకుని, పొద్దుటి నుంచి సాయంత్రం దాకా దిగులుపడుతూ కూర్చున్నాడు. ప్రతిభ శాలువా కప్పుకుని ఎదురుగా కూర్చుని, "ఏం తలుచుకుంటా ఉండావు?" అని అడిగింది. అతను చెప్పాడు. అలా చెబుతూ చెబుతూ ఉంటే చిక్కొకటి వచ్చిపడింది. ఆమె ఎదురుగా ఉంటే దిగులు నిలవడం లేదు. బకెట్లలో నీళ్ళు వేడెక్కడం చూసి ప్రతిభే లేచి బయటికి వెళ్ళేది. కాసేపటికి మళ్ళీ వచ్చేది. ఎలాగో రోజాలన్నీ చెడకుండా విమానమెక్కాయి.

ఆ తర్వాత ఏం జరిగిందో చెప్పక్కర్లేదు. పుట్టమ్మకు తెలిసింది, పుట్టమ్మ ఒప్పుకుంది. కూతురి మొహం చూసి ఒప్పుకుంది, అల్లుడి కాళ్ళు చూసి ఇంకొంచెం సంతోషంగా ఒప్పుకుంది. మిగిలింది ఆమె అన్న లక్ష్మణప్ప. మేనమామ మాట లేకుండా ఆ ఇంట పెళ్ళి జరగదు. తండ్రి లేని ప్రతిభను చదివించింది కూడా ఆయనే.

లక్ష్మణప్ప వేప్పనపల్లి నుంచి బస్సెక్కి వచ్చాడు. ఒకప్పుడు తాలూకాలో పేరున్న కబడ్డీ ఆటగాడు, ఇప్పుడు మామిడి తోట చూసుకుంటున్నాడు. రుస్లాన్ గదిలో చాప మీద కూర్చుని, కాసేపటికి చాప తడిసిందని లేచి, మంచం మీదికి మారాడు. రుస్లాన్ ఆయనకు కాఫీ ఇచ్చి నిలబడ్డాడు. అతని పాదాల చుట్టూ తెల్లటి పొర మెల్లగా మంచం కోళ్ళ దాకా పాకింది.

"మనిషి మంచోడే" అన్నాడు లక్ష్మణప్ప, చెల్లెలి వైపు చూసి. "యా దేశమనేది నేను అడగను. ఊళ్ళో ఎవరన్నా నోరెత్తితే నేను చెప్పుకుంటాను. నాది ఒకటే మాట. పిల్లకి బిడ్డ పుడితే యాడ పాకాల?"

ఆయన కాఫీ గ్లాసు కింద పెట్టాడు.

"మా ఇంట్లో మనవరాలు ఇప్పుడే పాకుతా ఉండాది. ఒక్కచోట నిలవదు. పొద్దస్తమానం నేల మీదే. ఈ నేల మీద వదిలితే బిడ్డ ఏమైపోతుంది?"

"మామా, ఇంట్లో చాపలు పరుస్తాము" అంది ప్రతిభ.

"నేను కూర్చుండిన చాప చూడు" అన్నాడు ఆయన, తన పంచె వెనక్కి తిప్పి చూపిస్తూ.

ఆయన కోపంగా అనలేదు, అందుకే ఆ మాట రుస్లాన్‌కు బాగా తగిలింది. కంపెనీ పని వచ్చే నెలతో ముగుస్తుంది. ఇక్కడ ఇల్లు, సంసారం అంటూ ఏర్పడితే రోజా తోటల వాళ్ళే ఉద్యోగం ఇస్తామన్నారు. లేదంటే తన దేశానికి టికెట్టు వచ్చేస్తుంది. ఆ వారం మెట్ల మీద ఐసు ఎంత మందంగా కట్టిందంటే పుట్టమ్మ కత్తిపీటతో కొట్టి గంప బయటికి తీసుకోవాల్సి వచ్చింది. మల్లెలు మంచి ధర పలికాయి. ఆమెకు మాత్రం ఆ డబ్బు చేతిలోకి తీసుకుంటే ఏడుపొచ్చింది.

ఆ వారమే ఒక పొద్దు బోణీ త్వరగా అయింది కాబట్టి వాసవాంబ మాట్లాడే స్థితిలో ఉంది. ఆమె ఐసు సంగతి అడగలేదు, దిగులు సంగతి అడిగింది.

"నీకు బేజారు కావాలంటే ఏమి తలుచుకుంటావప్పా?"

రుస్లాన్ తెలుగు ప్రతిభ దగ్గర నేర్చుకున్నది. అందులో అక్కడక్కడ అరవమూ కన్నడమూ ఉంటాయి, కానీ చెప్పదలచుకున్నది చెప్పగలడు.

"ఆఖరి ఆట, అమ్మా. గోలు కాసేవాడు ముందుకు వచ్చేసినాడు. గోలు ఖాళీ. నేను, బిళ్ళ, ఖాళీ గోలు, అంతే. ఊరోళ్ళు గోలు పడకముందే లేచి చప్పట్లు కొట్టేసినారు. నేను కొట్టినాను. బిళ్ళ పక్కకు పోయింది. నేను పోయి గోడకు పడినాను. కాలు పోయింది."

"అంతకుముందు ఎన్ని గోల్లు వేసినావు?"

"ఒకటీ లేదు."

వాసవాంబ తూకంలో పోస్తున్న కందిపప్పు ఆపేసింది. "ఒకటీ లేదా? జీతం తీసుకోని, చలికాలమంతా ఆడి, ఒకటీ లేదా?"

"లేదమ్మా."

"బోణీ కాకుండానే అంగడి మూసేసి వచ్చినావా నువ్వు?"

ఆమె గొంతులో నిజంగానే భయం ఉంది. ఆమె మామగారి కాలంలో, వానలు పడి వీధి మునిగిన రోజున కూడా, ఎవరో ఒకరు మోకాలి లోతు నీళ్ళలో నడిచి వచ్చి ఉప్పు కొనేదాకా అంగడి మూయలేదు. బోణీ కాకుండా తలుపు వేస్తే లోపల ఉన్న సరుకు అలాగే గడ్డకట్టి ఉండిపోతుందని వాళ్ళ ఇంట్లో నమ్మకం.

"ఏమండీ, విన్నారా?" అంది భర్తతో. "అంగడి ఊరికే మూసి పెట్టినాడంట. అందుకే ఈ చలి. తెరిపించాల."

బద్రీనాథ్ ఆవిడ మాటకు ఎదురుచెప్పి చాలా ఏళ్ళయింది. "యాడ తెరిపిస్తావు?" అన్నాడు అంతే.

చోటు లక్ష్మణప్పే ఇచ్చాడు. వేప్పనపల్లిలో ఆయన తోట పక్కన రాగులు నూర్చే సిమెంటు కళ్ళం ఉంది. నూర్పిళ్ళు అయిపోయాయి, కళ్ళం ఖాళీ. ఆ ఆలోచన ఆయనకు నచ్చిందో లేదో తెలియదు గానీ, ఆట అనేసరికి పాత కబడ్డీ రక్తం ఊరుకోలేదు.

"గోలు నేను కాస్తాను" అన్నాడు. "ఒకటి ముందే చెప్తా ఉండా. అల్లుడని చూసి వదిలేది ఉండదు."

"వదిలితే చెల్లదు కూడా" అంది వాసవాంబ. "నాకు పెళ్ళైన కొత్తలో బేరం లేక నేను మొహం వేలాడేసుకుంటే, ఈయన తానే దుడ్డిచ్చి చక్కెర కొన్నాడు. మా అత్త ఆ దుడ్డు వెనక్కి ఇచ్చేసింది. ఇంటోళ్ళు కొంటే బోణీ కాదు."

ఇంకో సంగతి కూడా ఆమె పట్టుబట్టింది. రుస్లాన్ ఒకప్పుడు ఆడింది జీతానికి. ఇప్పుడూ జీతానికే ఆడాలి, లేకపోతే అది ఆ అంగడి కాదు, వేరే అంగడి. కాబట్టి ఒక గంప కొత్త చింతపండు జీతంగా మాట్లాడి, ముందే అతని గదికి పంపించేసింది. ఆ విధంగా రుస్లాన్ మళ్ళీ ప్రొఫెషనల్ ఆటగాడయ్యాడు.

మామిడి పిందెలు గోళీకాయలంత అయిన ఒక ఆదివారం అందరూ వేప్పనపల్లి చేరారు. కళ్ళం చుట్టూ మట్టితో గట్టు కట్టారు. బోరు నీళ్ళు వదిలి అరచేతి మందాన నింపారు. రెండు నులక మంచాలను అటొకటి ఇటొకటి అడ్డంగా నిలబెట్టి గోలులు చేశారు. నులకే వల. కొన వంకరగా ఉన్న తుమ్మ కర్రలు కోసి తెచ్చారు. రబ్బరు బిళ్ళ రుస్లాన్ పెట్టెలోదే. బ్లేడు బూట్లు రుస్లాన్‌కు తప్ప ఎవరికీ లేవు కాబట్టి మిగతావాళ్ళు జారకుండా పాదాలకు గోనెపట్టా చుట్టుకున్నారు. వాసవాంబ అంగడి జట్టులో రుస్లాన్, బద్రీనాథ్, అంగడిలో మూటలు మోసే ముగ్గురు. లక్ష్మణప్ప జట్టులో ఆయన, తోట పనివాళ్ళు. ఆయనకు ఒక మనిషి తక్కువైంది.

"నేను మామ పక్క ఆడతాను" అంది ప్రతిభ, చున్నీ నడుముకు బిగిస్తూ.

రుస్లాన్ బిత్తరపోయాడు. "నువ్వు నాకు అడ్డమా?"

"నేను గూడా అడ్డం నిలబడితే గదా అది నిజం గోలు. నువ్వు యాడ ఏ పక్కకు వొంగుతావో వీళ్ళెవరికీ తెలీదు, నాకు తెలుసు. నన్ను దాటి పో."

రుస్లాన్ బూట్లు చేత్తో పట్టుకుని నీళ్ళ మధ్యకు నడిచి నిలబడ్డాడు. కళ్ళు మూసుకున్నాడు. ఆ ఖాళీ గోలును, పడకముందే మోగిన చప్పట్లను, ఆ చప్పట్లు ఆగిపోయిన తీరును తలుచుకున్నాడు. నీళ్ళు చప్పుడు లేకుండా తెల్లబడుతూ గట్టు దాకా వెళ్ళాయి. ఎండ నెత్తిన పడుతూనే ఉంది. ఊళ్ళోవాళ్ళు కుర్చీలు దగ్గరికి జరుపుకుని, చల్లగాలికి హాయిగా కాళ్ళు చాపుకున్నారు.

ఆట మొదలైంది. మొదటి సగం గురించి చెప్పడానికి పెద్దగా ఏమీ లేదు. రుస్లాన్ వేగంగా పోయేవాడు, అందరూ నోళ్ళు తెరిచి చూసేవాళ్ళు, గోలు దగ్గరికి వచ్చేసరికి భుజాలు బిగిసేవి. ప్రతిభ అతని మంచి కాలి వైపే వచ్చి అడ్డుపడేది. ఆమెను దాటితే లక్ష్మణప్ప. ఆయన రెండు చేటలు చేతులకు కట్టుకుని, మోకాళ్ళు వంచి, కూతకు వచ్చినవాణ్ణి పట్టేటట్టే బిళ్ళను పట్టేవాడు. గోలు తప్పినప్పుడల్లా రుస్లాన్ దిగులు పెరిగేది. దిగులు పెరిగినకొద్దీ ఐసు మందమయ్యేది. ఐసు బాగుండేసరికి మిగతావాళ్ళకు ఆట రుచి తెలిసింది. బద్రీనాథ్ పడి, బోర్లా జారుకుంటూ పోయి, అవతలి మంచంలో దూరాడు. అది గోలేనని ఆయన వాదించాడు. వాసవాంబ ఒప్పుకోలేదు.

సగంలో అంబలి ఇచ్చారు. రుస్లాన్ చెంబు పట్టుకుని గట్టు మీద దూరంగా కూర్చుని మోకాలు నొక్కుకుంటున్నాడు. ప్రతిభ వచ్చి పక్కన కూర్చుంది.

"నొప్పిగా ఉండాదా?"

"ఉంది. అది కాదు. ఇక టికెట్టే, ప్రతిభా. నాకు రాదు. అప్పుడూ రాలేదు."

"పరీక్ష రాసేవాడి మాదిరి ఆడతా ఉండావు. చూసేదానికి నాకే భయమేస్తా ఉంది." ఆమె అతని చెంబు తీసుకుని ఒక గుక్క తాగింది. "ఆ పొద్దు రోజాల గదిలో ఏం చెప్పినావు నాకు? చిన్నప్పుడు ఏటి మీద ఆడేవాళ్ళమని, పొద్దు పోయినా అమ్మ పిలిచేదాకా ఇంటికి పోనే పోమని. అప్పుడు ఎన్ని గోల్లు వేసినావు?"

"లెక్క ఎవరు చూసినారు?" అన్నాడు రుస్లాన్.

"అదే నేనూ చెప్పేది" అని ఆమె లేచి మామ పక్కకు వెళ్ళిపోయింది.

రెండో సగంలో రుస్లాన్ వేరే మనిషి. గోలు వైపు పోవడం మానేశాడు. కళ్ళం చుట్టూ గుండ్రంగా తిరిగాడు, వెనక్కి తిరిగి వెనక్కే జారాడు, బిళ్ళను బద్రీనాథ్ కాళ్ళ మధ్య నుంచి పంపి అవతల తానే అందుకున్నాడు. తోట పనివాళ్ళు ముగ్గురూ అతని వెంటపడి ఒకరి మీద ఒకరు పడ్డారు. జనం పగలబడి నవ్వారు. రుస్లాన్ కూడా నవ్వాడు. హోసూరుకు వచ్చిన ఇన్నాళ్ళలో అతని నవ్వు పుట్టమ్మ అప్పుడే విన్నది. పెద్ద నవ్వు, మొరటు నవ్వు. ఇంత నవ్వు ఈ మనిషి లోపల యాడ పెట్టుకున్నాడా అనుకుంది.

ముందు గమనించింది వాసవాంబే.

"నీళ్ళొస్తా ఉండాయి" అంది లేచి నిలబడి. "ఏమండీ, చూడండి, కరిగిపోతా ఉంది."

నిజమే. రుస్లాన్ పోయిన దారంతా ఐసు గాజులా పలచబడి, కింద సిమెంటు కనిపిస్తోంది. బోణీ ఇంకా కాలేదు, అంగడే కరిగిపోయేటట్టుంది. జనంలో కంగారు పుట్టింది. ఎవరికి తోచింది వాళ్ళు అరిచారు.

"రుస్లానప్పా, బేజారు చేసుకో."

"నిన్ను ఇల్లు ఖాళీ చేయించినోళ్ళను తలుచుకో."

"మీ డాక్టరును తలుచుకో అప్పా."

"టికెట్టు వచ్చిందనుకో" అని పాపం పుట్టమ్మ కూడా అరిచింది, అరిచి నాలుక కరుచుకుంది.

రుస్లాన్‌కు అన్నీ వినిపించాయి. ఎలా చేయాలో అతనికి తెలుసు. ఆ ఖాళీ గోలును ఒక్కసారి తలుచుకుంటే చాలు, నేలంతా మళ్ళీ గట్టిపడుతుంది, నింపాదిగా చూసి కొట్టొచ్చు. ఇన్నేళ్ళుగా పొద్దున కాఫీకి ఒకసారి, అడిగినవాళ్ళకల్లా ఒకసారి తలుచుకుంటున్నదే. అతను తలుచుకోబోయాడు. ఎదురుగా ప్రతిభ, మోచేతుల దాకా తడిసి, కర్ర అడ్డం పెట్టి, కన్ను ఆర్పకుండా అతన్నే చూస్తోంది. ఒక్క అంగుళం కూడా దారి ఇచ్చేటట్టు లేదు. అది చూస్తే అతనికి ఇంకా నవ్వొచ్చింది. ఇక ఆ పాత గోలు గుర్తురాలేదు. రావాలని కూడా అతను అనుకోలేదు.

మంచి కాలి వైపు వొంగాడు. ప్రతిభ అటు వచ్చింది. అతను బిళ్ళను చెడ్డ కాలి వైపుకు లాగి, ఆ మోకాలి మీదే బరువంతా వేసి తిరిగాడు. ఆ పని డాక్టరు వద్దన్న రోజు నుంచీ అతను ఎప్పుడూ చేయలేదు. నొప్పి తొడ దాకా లాగింది, మోకాలు మాత్రం నిలిచింది. ప్రతిభ కర్ర చాచింది, అందలేదు. బ్లేడ్లు సిమెంటును గీరుకుంటున్నాయి. ముందు లక్ష్మణప్ప, ఆయన కాళ్ళ కింద చివరి ఐసు ముక్క, దాని మీద నీళ్ళు. రుస్లాన్ కొట్టాడు. లక్ష్మణప్ప సరైన వైపుకే దూకాడు. చేటకు బిళ్ళ తగిలింది కూడా. కానీ తడిసిన బిళ్ళ చేట మీద నుంచి జారి, ఆయన చంక కింద నుంచి పోయి, నులకలో చిక్కుకుని వేలాడింది.

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. అందరూ లక్ష్మణప్ప వైపు చూశారు. ఆయన నీళ్ళలో వెల్లకిలా పడి ఉన్నాడు. మెల్లగా లేచి కూర్చుని, వెనక్కి తిరిగి మంచం వైపు చూశాడు.

"పడింది" అన్నాడు. "నేను వదల్లేదు. పట్టినాను, జారిపోయింది. గోలు గోలే."

అప్పుడు మోగాయి చప్పట్లు. వాసవాంబ బిళ్ళను నులకలోంచి ఊడదీసి, కళ్ళకద్దుకుని, రుస్లాన్ చేతిలో పెట్టింది. అతనూ అలాగే కళ్ళకద్దుకున్నాడు. మళ్ళీ ఆడదామని తోట పనివాళ్ళు అడిగారు గానీ, ఆడటానికి ఏమీ మిగల్లేదు. కళ్ళం నిండా నీళ్ళే. రుస్లాన్ బ్లేడు బూట్లు విప్పి పక్కన పెట్టాడు. ఆటగాడిగా అతని రెండో ఉద్యోగం మొదటిదానికంటే తొందరగా ముగిసింది.

బోణీ అయింది కాబట్టి ఐసు కరిగిందని వాసవాంబ ఇప్పటికీ అంటుంది. గోలు పడకముందే కరిగిందని ప్రతిభ అంటుంది. ఈ విషయం మీద వాళ్ళిద్దరికీ ఇంతవరకూ రాజీ కుదరలేదు.

గట్టు తెగ్గొట్టి నీళ్ళు మామిడి చెట్లకు వదిలారు. ఎండకు సిమెంటు చూస్తుండగానే ఆరింది. రుస్లాన్ ఉత్తి కాళ్ళతో కళ్ళం మధ్యలో నిలబడి ఉన్నాడు. ఎటు కదలాలన్నా భయంగా ఉంది. ఒక అడుగు వేసి కిందికి చూసుకున్నాడు. తడి పాదం ముద్ర ఒకటి పడింది, అది ఆరిపోయింది. ఇంకో అడుగు వేశాడు.

"రేపటినించి మల్లెలకి ఐసు కొనాల్సిందే" అంది పుట్టమ్మ. ఆ మాట అంటూ ఆమె కొంగుతో కళ్ళు తుడుచుకుంది, అయినా మొహమంతా సంతోషమే.

లక్ష్మణప్ప పంచె పిండుకుని ఇంటి వైపు వెళ్ళాడు. ప్రతిభ ఆయన వెళ్ళిన దారే చూస్తూ నిలబడింది. ఆయన తిరిగి వచ్చేటప్పుడు చంకలో మనవరాలు ఉంది. నిద్ర మత్తులో చిరాగ్గా ఉంది ఆ పిల్ల. ఆయన నేరుగా రుస్లాన్ దగ్గరికి వచ్చి, వంగి, అతని పాదాల పక్కన అరచేయి ఆనించి చూశాడు. చేయి తిప్పి, వెనక వైపు కూడా ఆనించాడు. ఆ తర్వాత పిల్లను అక్కడ నేల మీద దించాడు.

అందరూ భోజనాల సంగతి మరిచిపోయి చూస్తున్నారు. పిల్ల రెండు చేతులూ నేలకు కొట్టింది. చుట్టూ చూసి, ఎదురుగా ఉన్న తెల్లటి బొటనవేలిని పట్టుకుని లాగింది. రాలేదు. అతని పాదం మీదికి పాకి, అక్కడే బోర్లా పడుకుని, చెంప ఆనించి కళ్ళు మూసుకుంది.

"మామా, ఏం చేయాల?" అన్నాడు రుస్లాన్. ఆయన్ను మామా అనడం అతనికి అదే మొదటిసారి.

"ఏమీ చేయొద్దు. కదలొద్దు" అన్నాడు లక్ష్మణప్ప. "లేపితే ఇక ఊరంతా వినపడేట్టు ఏడుస్తుంది."

ఊరంతా తోటలో బంతికి కూర్చుంది. ప్రతిభ విస్తరాకులో రాగి సంగటి, చారు పెట్టుకుని కళ్ళం మీదికి తెచ్చింది. గొడుగు ఒకటి తెచ్చి పిల్ల మీద ఎండ పడకుండా పట్టుకుంది. రుస్లాన్ నిలబడే తిన్నాడు.